గెలిచిన స్థలమే కొన్నాను, అప్పీలు వెంటబడి వచ్చింది
(మన ఫోరం సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)

నేను లాయరుని కాను, మీలాగే సాఫ్ట్‌వేర్ మనిషిని. “నీ స్థలం గొడవేదో పదిమందికీ చెప్పవయ్యా” అని కార్యవర్గం వారు అడిగితే ఇలా నిలబడ్డాను.

హైదరాబాదు శివార్లలో ఒక ప్లాటు కొన్నాను. దావా నడిచిన సంగతి అమ్మినాయన దాచలేదు. “కోర్టులో గెలిచాం” అని డిక్రీ కాపీ చూపించాడు. ఈసీ తీయిస్తే శుభ్రంగా ఉంది. నాన్నగారికి జీపీఏ పంపి రిజిస్ట్రేషన్ చేయించాను. ఓడినవాళ్ళు అప్పటికే అప్పీలు వేశారని ఏడాది తరవాత తెలిసింది.

పాతాయన అమ్మేశాడు కదా, ఇంకా ఆయన మీద అప్పీలేమిటి అనుకున్నాను. నిలుస్తుందండీ! ఆస్తి చేతులు మారినంత మాత్రాన అప్పీలు ఆగదు. 1882 నాటి ఆస్తి బదలాయింపు చట్టంలో 52వ సెక్షన్ ఉంది. లిస్ పెండెన్స్ అంటారు. దావా వేసిన రోజు నుంచి తుది డిక్రీ పూర్తిగా అమలయ్యేదాకా, కోర్టు అనుమతి లేకుండా కొన్నవాడు ఆ తీర్పుకి కట్టుబడాల్సిందే. కింది కోర్టు తీర్పుకీ అప్పీలుకీ మధ్య సందులో కొన్నా అంతే. అమ్మకం చెల్లదని కాదు, తీర్పుకి లోబడి చెల్లుతుందని సుప్రీంకోర్టు 1956లో నాగుబాయి అమ్మాళ్ కేసులోనే చెప్పింది. “నాకు తెలీదండీ, డబ్బు మొత్తం ఇచ్చానండీ” అంటే కుదరదు.

అసలు ప్రమాదం ఇంకోటి. డబ్బు చేతిలో పడ్డాక అమ్మినవాడికి కేసు ఎందుకు? మా ఆయన లాయరు ఫీజు కట్టడం మానేశాడు. ఆయన హాజరు కాకపోతే తీర్పు ఏకపక్షంగా వస్తుంది, పోయేది నా స్థలం.

దీనికి సివిల్ ప్రొసీజర్ కోడ్ 22వ ఆర్డరు 10వ రూలు దారి చూపిస్తుంది. ఆస్తి నాకు వచ్చింది, నన్నూ చేర్చుకోండి అని అప్పీలు కోర్టుని అడగాలి. ఇది హక్కు కాదు, కోర్టు అనుమతించాలి. రెండో అప్పీలు దశలో కూడా చేర్చుకోవచ్చని 2005లో అమిత్ కుమార్ షా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. నన్ను చేర్చుకున్నారు. అయితే కొత్త కథ చెప్పడానికి లేదు, పాతాయన వాదన ఎక్కడ ఆగిందో అక్కడినుంచే నడిపించుకోవాలి. అప్పీలు ఇంకా నడుస్తోంది.

మిత్రులారా, డిక్రీ చూసి మురిసిపోకండి. అప్పీలు గడువు ముగిసిందా, జిల్లా కోర్టులో, హైకోర్టులో ఏమైనా ఉందా అని పాత యజమానుల పేర్లతో కూడా ఈకోర్ట్స్‌లో వెతికించండి. కేసుల వల్ల నష్టం వస్తే అమ్మినవాడే భరించాలని దస్తావేజులో రాయించుకోండి.

ఫోరానికి ఒక మనవి. ఈసీలో రిజిస్టరైన లావాదేవీలే వస్తాయి, దావా పెండింగులో ఉన్న సంగతి మామూలుగా రాదు. కోర్టు రికార్డునీ రిజిస్ట్రేషన్ రికార్డునీ కలపమని రెండు తెలుగు రాష్ట్ర ప్రభుత్వాలనూ మనం గట్టిగా అడగాలి. దూరాన ఉండి కొనేవాళ్ళం, కాగితం తప్ప మనకి వేరే కళ్ళు లేవు.