పేరులో ఒక్క మాట తేడా – ఆగిపోయిన పింఛను

(గజపతినగరంలో విశ్రాంత ఉద్యోగులు, కుటుంబ పింఛనుదారుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)

పింఛను సమస్యకు మతం లేదు. కానీ కొన్ని చిక్కులు మన పేర్ల వల్ల మనకే ఎక్కువగా వస్తున్నాయి. అందుకే ఈ సభను మసీదు ఆవరణలో ఏర్పాటు చేశాము.

జుమా నమాజు తర్వాత వరండాలో ఒక బల్ల వేసుకుని కూర్చోవడం మేము కొంతకాలంగా చేస్తున్న పని. మాలో ఇద్దరు విశ్రాంత ఉపాధ్యాయులు, ఒకరు ఆర్టీసీలో పనిచేసినవారు, ఒకరు జిరాక్స్ దుకాణం నడిపే యువకుడు. పిల్లల స్కాలర్‌షిప్ దరఖాస్తులు నింపడానికని మొదలుపెట్టాము. ఇప్పుడు ఆ బల్ల దగ్గరకు పిల్లల కంటే వృద్ధులే ఎక్కువగా వస్తున్నారు. వారి చేతిలో ఒక ప్లాస్టిక్ సంచి, అందులో నాలుగు పాసుపుస్తకాలు, చిరిగిన పీపీవో పుస్తకం, మూడు రకాలుగా పేరు రాసిన మూడు కార్డులు ఉంటాయి.

ముందుగా ఒక మాట చెప్పుకోవాలి. కార్యాలయంలో నిలబడినప్పుడు మనవాళ్లు దానం అడగడానికి వచ్చినట్టు చేతులు కట్టుకుంటారు. పింఛను దానం కాదు. 1982 డిసెంబరు 17న డి.ఎస్. నకారా కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం, పింఛను యజమాని దయాదాక్షిణ్యాలపై ఆధారపడిన బహుమానం కాదని, గతంలో చేసిన సేవకు దక్కే హక్కు అని స్పష్టం చేసింది. దేశమంతటా ఆ తేదీని పింఛనుదారుల దినంగా జరుపుకుంటున్నది అందుకే. 2013లో జార్ఖండ్ రాష్ట్రానికి సంబంధించిన మరో తీర్పులో, పింఛను రాజ్యాంగంలోని 300ఎ అధికరణం కింద ఆస్తి అని, చట్టాధికారం లేకుండా దానిని ఆపరాదని అదే న్యాయస్థానం చెప్పింది. ఇవి గొప్ప తీర్పులు. అయితే ఆ హక్కు మన చేతికి అందే చివరి అంగుళంలో ఒక బ్యాంకు ఖాతా ఉంది. ఆ ఖాతాలో ఒక్క అక్షరం తప్పితే, సుప్రీంకోర్టు ఇచ్చినదాన్ని కంప్యూటరు వెనక్కి పంపేస్తుంది.

మా బల్ల దగ్గరకు వచ్చిన ఒక సోదరి విషయం వివరంగా చెబుతాము. ఆమె అనుమతి తీసుకున్నాము, పేరు మాత్రం చెప్పము. భర్త జిల్లా పరిషత్ పాఠశాలలో ప్రధానోపాధ్యాయుడిగా పదవీ విరమణ చేశారు. బతికి ఉన్నంతకాలం ఆయన పింఛను భార్యాభర్తల ఉమ్మడి ఖాతాలో పడేది. ఆయన చనిపోయాక ఆమె బ్యాంకుకు వెళ్తే, ఈ ఖాతా పనికిరాదు, మీ ఒక్కరి పేరిట కొత్తది తెరవమన్నారు. ఆధార్ చూసి తెరిచారు. ఆధార్‌లో ఆమె పేరు చివర 'బేగం' అని ఉంది. భర్త పీపీవోలో, కుటుంబ పింఛనుకు అర్హురాలిగా రాసిన పేరు చివర 'బీబీ' అని ఉంది. ఖాతా వివరాలు ట్రెజరీకి చేరాయి, పేరు కలవలేదు, కాగితం వెనక్కి వచ్చింది.

అప్పుడు ఆమె మా దగ్గరకు వచ్చింది. ఇక్కడ మా తప్పు కూడా చెప్పుకోవాలి. ఆధార్‌లో పేరు మార్చుకుంటే సరిపోతుందని మేమే సలహా ఇచ్చాము. మార్పించాము. ఆధార్ పీపీవోతో కలిసింది గానీ, అప్పటికే 'బేగం' పేరుతో తెరిచిన ఖాతా ఆధార్‌తో కలవకుండా పోయింది. కేవైసీ మళ్లీ ఇవ్వమని బ్యాంకు ఖాతాను నిలిపివేసింది. ఒక ముడి విప్పబోయి ఇంకో ముడి వేశాము. ఇదంతా తేలేసరికి పదకొండు నెలలు పట్టింది. మొదటి మూడు నెలలు కొడుకు పంపాడు. తర్వాత గాజులు తాకట్టుకు వెళ్లాయి. ఒకరోజు ఆమె మాతో, "బాబూ, మా పుట్టింట్లో బీబీ అనేవారు, అత్తింట్లో బేగం అన్నారు. రెండూ నేనే కదా" అన్నది. దానికి మా దగ్గర జవాబు లేకపోయింది.

చివరకు పని ఎలా జరిగిందో చెబుతాము, మీకు ఉపయోగపడుతుంది. రెండు పేర్లూ ఒకే వ్యక్తివని నోటరీ చేసిన అఫిడవిట్, దానికి తోడు గెజిటెడ్ అధికారి ధ్రువీకరణ తీసుకున్నాము. ఉర్దూలో ఉన్న నికాహ్‌నామాను తెలుగులోకి అనువదించి జత చేశాము. ఆ కాగితం చదవగలిగినవారు ఆ కార్యాలయంలో ఒక్కరూ లేరు, అది వారి నేరమూ కాదు. 2011 జనగణన ప్రకారం మన జిల్లాలో ముస్లింలు నూటికి ఒక్కరు కూడా లేరు. మన పేర్ల తీరు తెలిసిన గుమాస్తా దొరకడం అదృష్టం మీద ఆధారపడి ఉంది. బ్యాంకులో పేరు సరిచేయించి, ఆ తర్వాతనే ట్రెజరీకి కొత్త దరఖాస్తు ఇచ్చాము. బకాయిలతో సహా వచ్చాయి. గాజులు మాత్రం అప్పటికే వేలమైపోయాయి.

ఈ సంఘటన తర్వాత మేము చదివి తెలుసుకున్న సంగతి ఒకటి ఉంది. పీపీవోలో కుటుంబ పింఛనుకు పేరున్న జీవిత భాగస్వామితో ఉమ్మడి ఖాతా ఉన్నప్పుడు, పింఛనుదారు మరణించాక కొత్త ఖాతా తెరవమని బ్యాంకులు పట్టుబట్టరాదని కేంద్ర పింఛనుదారుల విషయంలో రిజర్వు బ్యాంకు మార్గదర్శకాలు చెబుతున్నాయి. రైల్వే, తపాలా శాఖల్లో పనిచేసినవారు దీనిని గుర్తుపెట్టుకోవాలి. రాష్ట్ర పింఛనుదారులు సబ్ ట్రెజరీలో ముందే అడిగి తెలుసుకోవాలి. భర్త బతికుండగానే భార్య పేరు పీపీవోలో, బ్యాంకులో, ఆధార్‌లో ఒకేలా ఉందా అని చూసుకోవడం అశుభం కాదు. ఈ మాట అన్నందుకు మాపై కోపగించుకున్న పెద్దలు ఇక్కడే కూర్చుని ఉన్నారు.

పేర్ల చిక్కు ఇంకొంచెం వివరించాలి. తెలుగునాట దరఖాస్తులో ముందు ఇంటిపేరు అడుగుతారు. మనకు ఇంటిపేరు ఎక్కడ ఉంది? కొందరికి 'షేక్' అని రాస్తారు, కొందరికి 'ఎస్.కె.' అని, కొందరికి తండ్రి పేరునే ఇంటిపేరుగా ఎక్కిస్తారు. సర్వీసు రిజిస్టరులో ముందున్న 'షేక్' బ్యాంకులో చివరకు పోతుంది. ఇంగ్లిషులో ఆ ఒక్క మాటనే ఒకచోట చివర 'కె'తో, మరొకచోట 'కెహెచ్'తో రాస్తారు. మధ్యలో ఒకచోట 'ఐ', మరొకచోట 'ఈ' వస్తుంది. మొహమ్మద్ ఒకచోట 'ఎండీ' అవుతాడు. నూర్‌బాషా సోదరులలో కొందరికి ఇంటిపేరూ, పేరూ పూర్తిగా తెలుగే కావడంతో వారికి ఈ బాధ తక్కువ, వేరే బాధలు వేరే ఉన్నాయి. మనిషి చదివితే అన్నీ ఒకే పేరని అర్థమవుతుంది. యంత్రం అక్షరాలు లెక్కపెడుతుంది. కాబట్టి ఏ కాగితాన్ని మూలంగా పెట్టుకోవాలో ముందు నిర్ణయించుకోండి. మా అనుభవంలో పింఛను తీసుకునేవారికి పీపీవోనే మూలం. మిగతావి దాని వైపు రావాలి, అదీ ఒక వరుసలో రావాలి.

ఇక బ్యాంకుల సంగతి. మనం మారకపోయినా బ్యాంకులు మారాయి. 1923లో మచిలీపట్నంలో పట్టాభి సీతారామయ్య గారు స్థాపించిన ఆంధ్రా బ్యాంకు 2020 ఏప్రిల్ 1న యూనియన్ బ్యాంకులో విలీనమైంది. సిండికేట్ బ్యాంకు అదేరోజు కెనరా బ్యాంకులో కలిసింది. విజయా బ్యాంకు అంతకు ఏడాది ముందే బ్యాంక్ ఆఫ్ బరోడాలో చేరింది. ఐఎఫ్‌ఎస్‌సీ కోడ్ మారింది. 'ఏఎన్‌డీబీ'తో మొదలయ్యే పాత ఆంధ్రా బ్యాంకు కోడ్‌ను ఇప్పటికీ దరఖాస్తులో రాసి తెచ్చేవారు మాకు కనిపిస్తూనే ఉన్నారు. మన ప్రాంతంలో అంతకంటే ముఖ్యమైనది గ్రామీణ బ్యాంకు. పాత శ్రీ విశాఖ గ్రామీణ బ్యాంకు 2006లో ఆంధ్రప్రదేశ్ గ్రామీణ వికాస్ బ్యాంకు అయింది. 2025 మే 1న రాష్ట్రంలోని నాలుగు గ్రామీణ బ్యాంకులను కలిపి ఆంధ్రప్రదేశ్ గ్రామీణ బ్యాంకుగా మార్చారు. స్టేట్ బ్యాంకు స్థానంలో యూనియన్ బ్యాంకు దానికి ప్రాయోజక బ్యాంకు అయింది. ఊళ్లో అందరూ ఇంకా పాత పేరుతోనే పిలుస్తారు. పిలవండి, తప్పులేదు. కానీ దరఖాస్తులో రాసేటప్పుడు మాత్రం కొత్తగా ముద్రించిన పాసుపుస్తకం మొదటి పేజీ చూసి రాయండి, జ్ఞాపకం మీద ఆధారపడకండి.

నెల్లిమర్ల జూట్ మిల్లు వంటి చోట్ల పనిచేసి, భవిష్యనిధి కింద 1995 పథకం పింఛను తీసుకునేవారు మనలో ఉన్నారు. 2020 జనవరి 1న ప్రభుత్వంలో విలీనం కాకముందే పదవీ విరమణ చేసిన ఆర్టీసీ కార్మికులదీ అదే పథకం. ఆ పథకంలో కనీస పింఛను 2014 సెప్టెంబరు నుంచి నెలకు వెయ్యి రూపాయలు. పదేళ్లు దాటినా అది వెయ్యి రూపాయలే. ఆ వెయ్యి కూడా ఆగిపోతే ఇక మాట్లాడటానికేముంది. వీరికి ఒక మంచి మార్పు జరిగింది. 2025 జనవరి నుంచి కేంద్రీకృత పింఛను చెల్లింపు విధానం వచ్చింది. దేశంలో ఏ బ్యాంకు, ఏ శాఖ నుంచైనా పింఛను తీసుకోవచ్చు. కొడుకు దగ్గరకు హైదరాబాదు వెళ్లినా పీపీవోను ఒక కార్యాలయం నుంచి ఇంకో కార్యాలయానికి బదిలీ చేయించుకోనక్కరలేదు. అలాగే ఇంకా సర్వీసులో ఉన్నవారు తమ భవిష్యనిధి నంబరుకు బ్యాంకు ఖాతాను జతచేయడానికి యజమాని ఆమోదం అవసరం లేదని 2025 ఏప్రిల్‌లో ప్రకటించారు. మిల్లు మూతపడితే ఆమోదించే యజమాని ఎక్కడ దొరుకుతాడని కార్మికులు ఏళ్ల తరబడి అడిగిన ప్రశ్నకు ఆలస్యంగానైనా జవాబు దొరికింది.

ఉద్యోగం చేయని వృద్ధుల సంగతి కూడా చెప్పాలి. సామాజిక పింఛనును ఒకటో తేదీన సచివాలయ సిబ్బంది ఇంటికే తెచ్చి ఇస్తున్నారు, కనుక ఖాతాతో పనిలేదని చాలామంది అనుకుంటారు. 2024 మే నెలను గుర్తుచేసుకోండి. ఎన్నికల నియమావళి కారణంగా వలంటీర్లను పంపిణీకి దూరంగా ఉంచారు. ఆ నెల డబ్బును ఆధార్ అనుసంధానమైన బ్యాంకు ఖాతాల్లో వేశారు. మండుటెండలో ముసలివాళ్లు బ్యాంకుల ముందు బారులు తీరారు. ఏ ఖాతాలో పడిందో తెలియక ఒక బ్యాంకు నుంచి ఇంకో బ్యాంకుకు తిరిగినవారు మన వీధుల్లోనే ఉన్నారు. ఆధార్ ద్వారా వచ్చే డబ్బు మీకు నచ్చిన ఖాతాకు రాదు. ఆధార్‌కు చివరగా అనుసంధానమైన ఖాతాకు వస్తుంది. సెల్‌ఫోన్ దుకాణంలో సిమ్ కోసం వేలిముద్ర వేసినప్పుడు తెలియకుండా తెరిచిన ఖాతా కూడా కావచ్చు. ఇది ఊహ కాదు. 2017లో ఎయిర్‌టెల్ వినియోగదారుల గ్యాస్ రాయితీ వారికి తెలియని పేమెంట్స్ బ్యాంకు ఖాతాల్లోకి వెళ్లిందన్న ఫిర్యాదులపై ఆధార్ సంస్థ ఆ కంపెనీ ఈ-కేవైసీ అనుమతిని నిలిపివేసింది. మీ ఆధార్ ఏ బ్యాంకుకు అనుసంధానమై ఉందో మై ఆధార్ వెబ్‌సైటులో చూడవచ్చు. మా బల్ల దగ్గర రెండు నిమిషాల పని.

రెండేళ్లపాటు మీరు స్వయంగా ఏ లావాదేవీ చేయకపోతే ఖాతా నిద్రావస్థకు వెళ్తుంది. దానిని తిరిగి తెరిపించడానికి రుసుము వసూలు చేయరాదు, నిద్రావస్థలో ఉన్న ఖాతాలో కనీస నిల్వ లేదని జరిమానా వేయరాదు. రిజర్వు బ్యాంకు ఈ నిబంధనలు 2024 ఏప్రిల్ 1 నుంచి అమలులోకి వచ్చాయి. ఎవరైనా అడిగితే నిబంధన చూపించమనండి, మర్యాదగానే అడగండి.

జీవన ప్రమాణ పత్రం విషయంలో రెండు మాటలు చాలు. కేంద్ర పింఛనుదారులకు నవంబరు నెల, 80 ఏళ్లు దాటినవారికి అక్టోబరు నుంచే. 1995 పథకం వారికి ఇచ్చిన రోజు నుంచి ఏడాదిపాటు చెల్లుతుంది. రాష్ట్ర పింఛనుదారులకు ట్రెజరీ ప్రకటించే గడువు వేరు. జనుము పీచుతో పనిచేసి వేలిముద్రలు అరిగిపోయినవారు ముఖ గుర్తింపు ద్వారా ఫోనులోనే ఇవ్వవచ్చు. పర్దా పాటించే మహిళలు ఇందుకు సంకోచిస్తున్నారని గమనించి, ఒక సోదరి ఫోను పట్టుకుని లోపలి గదిలో సహాయం చేసే ఏర్పాటు చేశాము. మంచం పట్టినవారికి, సంతకం చేయలేనివారికి వేలిముద్రతో డబ్బు ఇవ్వడానికి పద్ధతి ఉంది. ఇద్దరు సాక్షులు కావాలి, వారిలో ఒకరు బ్యాంకు బాధ్యతాయుత అధికారి అయి ఉండాలి. 70 ఏళ్లు దాటినవారికి ఇంటి వద్దనే మౌలిక సేవలు అందించమని రిజర్వు బ్యాంకు 2017లోనే బ్యాంకులను ఆదేశించింది.

పింఛను లెక్కగట్టి చెల్లించే ఏజెన్సీ బ్యాంకు తానే ఆలస్యం చేస్తే, ఏడాదికి 8 శాతం చొప్పున పరిహారం, అడగకుండానే, ఖాతాలో వేయాలి. ఇది వడ్డీ కదా, తీసుకోవచ్చా అని ఒక పెద్దాయన అడిగారు. అది ఉలమాను అడగవలసిన ప్రశ్న, మేము ఫత్వా ఇవ్వము. నియమం ఉందని మాత్రం చెబుతాము.

ట్రెజరీ నుంచి మాట్లాడుతున్నామని, ఖాతా అప్‌డేట్ చేయాలని ఫోను చేసి ఓటీపీ అడిగేవారు ఎక్కువయ్యారు. మీ పేరు, పదవీ విరమణ తేదీ, పీపీవో నంబరు కూడా చెబుతారు, అందుకే నమ్ముతాము. ఏ ట్రెజరీ ఓటీపీ అడగదు. డబ్బు పోతే సిగ్గుపడి దాచకుండా, ఆ గంటలోనే 1930కి ఫోను చేయండి.

వచ్చే శుక్రవారం నమాజు తర్వాత బల్ల దగ్గరే ఉంటాము. పీపీవో పుస్తకం, బ్యాంకు పాసుపుస్తకం, ఆధార్, ఆధార్‌కు జతపరిచిన నంబరున్న ఫోను తీసుకురండి. మొదట మూడు కాగితాల మీద పేరు పక్కపక్కన పెట్టి చూస్తాము. ఇంటి దగ్గర నుంచి కదలలేనివారి పేర్లు, వీధి ముందే చెబితే మేమే వస్తాము. ఆడవాళ్లు వెనుక తలుపు నుంచి రావచ్చు.