గయ్యాళి అత్త: సూర్యకాంతం గారు

సాధుపాత్రపై ప్రేక్షకునికి ప్రేమ కలిగించడం కొంత సులభం. ద్వేషింపదగిన పాత్ర కోసం జనం ఎదురుచూచేటట్లు చేయడం కష్టం. 1924లో కాకినాడ సమీపాన వెంకటకృష్ణరాయపురంలో జన్మించిన సూర్యకాంతం గారు ఆ కష్టసాధ్యమైన పనిని దశాబ్దాల పాటు నిర్వహించారు. 1950 నాటి ‘సంసారం’లో గయ్యాళి అత్తగా పేరు పొందారు. ఎడమచేతి విసురు, మాటవిరుపు ఆమె ఆయుధాలు. 1957 నాటి ‘మాయాబజార్’లో ఘటోత్కచుని తల్లి హిడింబి ఆమెయే. 1962లో రామారావు, నాగేశ్వరరావు గార్లిద్దరూ నటించిన చిత్రానికి ఆమె పాత్ర పేరిటనే ‘గుండమ్మ కథ’ అని నామకరణం జరిగింది.

రాజాం మొదలు రాయలసీమ వరకు ఆడపిల్లకు సూర్యకాంతమని పేరు పెట్టడానికి తల్లులు జంకేవారని ప్రతీతి. ఆమె నటనకు లభించిన మెప్పు అది. ఆమె చెల్లించిన మూల్యమూ అదే. 1994లో ఆమె కన్నుమూశారు. పాత్రను తిట్టుకున్న మనమే నటికి నమస్కరించడం న్యాయం.