బొమ్మ నిలిచినది, వాక్కు నిలుచునా?
(అనంతపురమున ఒక పఠనమందిరమునందు చేసిన ఉపన్యాసము)



కోర్టులో సాక్షి తెలుగున చెప్పునది ఆంగ్లమున వ్రాయబడుచుండగా ఇరువదేండ్లుగా చూచుచున్నాను. ‘నా కడుపు మండినది’ అని సాక్షి వాపోవును. కాగితముపై ‘సాక్షికి కోపము వచ్చెను’ అని మిగులును. అర్థము దక్కినది గాని మనుష్యుడు జారిపోయినాడు. జానపదకళలను చలనచిత్రములందు భద్రపఱచుచున్నామని విన్నప్పుడెల్ల నాకా కాగితమే జ్ఞప్తికి వచ్చును.

ధర్మవరము చెంతనున్న నిమ్మలకుంటను మీరెఱుగుదురు. 2022లో జిల్లాల విభజనతో ఆ గ్రామము శ్రీ సత్యసాయి జిల్లాకు చేరినంతమాత్రమున తోలుబొమ్మలాట మనది కాకపోలేదు. 2020లో ఆ యూరి దళవాయి చలపతిరావుగారికి పద్మశ్రీ లభించినది. సంతోషమే. కాని నేడక్కడ మేకతోలుపై ఉలి నడచుట మిక్కిలిగా ల్యాంపు షేడ్లకు, గోడ అలంకారములకు. ఏటికి సుమారు 550 మిల్లీమీటర్ల వానతో బ్రతుకు సీమలో ఎవరి పొట్టకూటిని ఎవరు తప్పుపట్టగలరు? బొమ్మ నిలిచినది. దాని వాక్కో?

తెరవెనుక రంగనాథ రామాయణపు ద్విపదలు, హార్మోనియము, మద్దెల, తాళములు, పాదముల క్రింద చెక్కల చప్పుడు. రామరావణులు అలసినచోట జుట్టుపోలిగాడు, బంగారక్క దూకివచ్చి ఆ యూరి పెద్దలనే ఎకసక్కెమాడుదురు. ఆ హాస్యము ఏ తాళపత్రమునందును లేదు. ఆ పూటకాపూట పుట్టునది. వానలు వెనుకదీసిన యేడు విరాటపర్వము పెట్టించుటయు మనమెఱిగినదే. వింత యేమనగా, రాత్రియంతయు తెలుగున పాడు ఈ కుటుంబములు ఇంట మాటలాడుకొనునది మరాఠీ యాస! ఆ యింటిమాటకు బడిలో తావు లేదు.

నేను చూచిన కొన్ని చిత్రములందు ఉలిని చూపుదురు, రంగును చూపుదురు. పాట ఎత్తుకొనగానే వ్యాఖ్యాత గొంతు దానిపై బడును. ఆంగ్లమున వ్రాసిన వాఙ్మూలమునకును దీనికిని భేదమేమి?

ఫ్రాన్సు పశ్చిమతీరమున బ్రెటను అను భాష కలదు. బడిలో ఆ మాట పలికిన బిడ్డ మెడలో అవమానచిహ్నము వ్రేలాడదీసిన కాలమొకటి యుండెను. 1935 ప్రాంతమున ఆ సీమ వార్తాపత్రికయే పూనుకొని జాఁ ఎప్‌స్టైన్ అను దర్శకునిచే బ్రెటను పాటలతో చిత్రము తీయించినది. (పత్రికాధిపతులు ఈ మాట చెవిని వేసికొందురుగాక!) ఆ చిత్రమొక్కటే భాషను కాపాడలేదు, 1977లో దివాన్ పాఠశాలలు పుట్టవలసివచ్చినది. అయినను నేర్చుకొనదలచినవానికి నాటి గొంతు దక్కినది.

మనకు వలయునది గొప్ప చిత్రము కాదు. ఒక రాత్రి యాట, మొదటి మద్దెల దెబ్బనుండి తెల్లవాఱువఱకు, కోత లేక. తెరముందొక కెమేరా, తెరవెనుక నొకటి. పిదప పెద్దవారితో వారి యింటిభాషలోనే సంభాషణ. ద్విపద మఱచి తడుముకొన్న ఆ క్షణములతో సహా. ఆటగాండ్ర రుసుము ముందుగా చెల్లింపవలెను. ఒక ప్రతి నిమ్మలకుంట బడికి, ఒక ప్రతి ఈ మందిరమునకు.

ఈ నెల నా ఫీజులలో సగము దీనికిచ్చుచున్నాను. చందాపుస్తకము బల్లపై నున్నది. శివరాత్రి జాగరణకు ఆట కట్టింతము.