సంచి మోసినవాడి మాట



వైద్యరంగం గురించి చెప్పమన్నారు. నేను డాక్టరును కాను, మెడికల్ రిప్రజెంటేటివ్‌గా రిటైరయ్యాను. అనకాపల్లి, చోడవరం, వడ్డాది, మాడుగుల నా లైను. మెడలో టై, చేతిలో తోలు సంచి, ఎక్కింది ఆర్టీసీ బస్సు.

డాక్టరుగారి దగ్గర మాకు దొరికేది రెండు నిమిషాలు. అంతకుముందే మందుల షాపుకి వెళ్లి, ఆయన ఏ కంపెనీవి రాస్తున్నారో కనుక్కునేవాళ్లం. 'ఇది తీసుకుని మా మందు రాయండి' అని ఎవరమూ అనం. ముందు ఒక పెన్ను, తర్వాత దీపావళికి స్వీట్ల డబ్బా, ఆ తర్వాత సదస్సుకి ప్రయాణ ఖర్చులు. తీసుకున్న మనిషికి మొహమాటం ఉంటుంది కదా, మేం నమ్ముకున్నది దాన్నే. ఏమీ తీసుకోని డాక్టర్లూ ఉండేవారు. వాళ్ల గది ముందు మాకు కాళ్లు వణికేవి. రోగులూ తక్కువవాళ్లు కారు, టానిక్కు రాయకపోతే ఆయన డాక్టరే కాదనేవారు!

2009 డిసెంబరులో మెడికల్ కౌన్సిల్ డాక్టర్లు కంపెనీల కానుకలు తీసుకోకూడదంది. అది డాక్టర్లకే, కంపెనీలకు కాదు. 2022 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు, ఆ కానుకల ఖర్చుకి ఇన్‌కంటాక్సు మినహాయింపు లేదని తేల్చింది. వాటి ఖరీదు చివరికి మందు ధరలో కలిసి రోగి మీదే పడుతుందని కూడా అంది. 2024 మార్చిలో కేంద్రం కంపెనీలకి కొత్త నియమావళి ఇచ్చింది.

కోర్టు అన్న ఆ మాట నేను వడ్డాదిలోనే చూశాను. ఒకరోజు షాపులో మన మాస్టారు బీపీ మాత్రలు కొంటున్నారు. నెలకి ముప్పై రాసిన చీటీ. నోట్లు లెక్కపెట్టుకుని, "పది ఇవ్వు బాబూ" అన్నారు. చీటీలో ఉన్నది మా కంపెనీ మందే. అదే మందు, వేరే పేరుతో, సగం ధరకి పక్క అరలోనే ఉంది. నన్ను చూసి ఆయన షాపువాడితో, "మా బళ్లో చదివినోడే, ఎంత ఎదిగాడో చూడు" అన్నారు. నేను దణ్ణం పెట్టి బస్సెక్కేశాను. ఆ నెల టార్గెట్టు నాకింకా పూర్తి కాలేదు.

మందు మీ అంతట మీరు ఆపకండి, మార్చకండి. "ఇదే మందు తక్కువ ధరలో ఉందా అండీ?" అని మాత్రం డాక్టరుగారిని అడగండి. జనౌషధి షాపులో వాకబు చేయండి.

మాస్టారు ఇప్పుడు లేరు. అమ్మగారు ముందు వరసలో కూర్చున్నారు. అమ్మా, ఆ రోజు ఆయనకి చెప్పాల్సింది ఇవాళ మీకు చెబుతున్నాను.