మన్ను కింద కరెంటు



రంగారెడ్డి జిల్లా ఇబ్రహీంపట్నం పల్లెల్లో చాలా ఇళ్లకు బోర్లు ఉన్నాయి. ఇంటి నుంచి బోరు మోటారుకు కొందరు తీగను మన్నులో పాతేస్తారు. పాతినాక తీగ కనబడదు. ప్రమాదమూ కనబడదు.

తీగకు తీగ ముడేసి, టేపు చుట్టి పూడ్చితే ఏమవుతుంది? వాన పడితే తడి లోపలికి దిగుతుంది. కరెంటు తడి మన్నులోకి పాకుతుంది. ఫ్యూజు పోదా? పోకపోవచ్చు. ఎక్కువ కరెంటు గుంజితేనే ఫ్యూజు పోతుంది. ప్రాణం పోవడానికి అంత కరెంటు అక్కర్లేదు.

మరేం చేయాలి?

ఇనుప తొడుగున్న ఆర్మర్డ్ కేబులు కొనాలి. దాని మీద ఐ.ఎస్.ఐ. గుర్తు ఉందా? మీరే చదివి చూడండి.

రెండున్నర అడుగుల లోతు తవ్వించాలి. కింద ఇసుక, నడుమ కేబులు, మళ్లీ ఇసుక, పైన ఇటుకలు. రేపు ఎవరైనా తవ్వితే గడ్డపారకు ముందు ఇటుక తగులుతుంది.

మన్నులో అతుకు ఉండొద్దు. అతుకు తప్పకపోతే నేలకు పైన, నీళ్లు దూరని డబ్బాలో వేయించాలి.

మోటారుకు ఎర్తింగు ఉండాలి. బోర్డులో 30 మిల్లీ ఆంపియర్ల ఆర్.సి.సి.బి. పెట్టించాలి. కరెంటు దారి తప్పితే అది టక్కున ఆపేస్తుంది.

ఈ పని లైసెన్సు ఉన్న ఎలక్ట్రీషియన్‌తోనే చేయించాలి. మన్ను కప్పకముందే దగ్గరుండి చూడాలి.

ఎవరికైనా షాకు కొడితే ముట్టుకోవద్దు. ముందు మెయిన్ ఆపాలి. వెంటనే 108కి ఫోన్ చేయాలి.