కొయ్యసామాను వర్తకము – మన కర్తవ్యము

(వార్షిక మహాసభయందు చేసిన యుపన్యాసము)



మదనపల్లె, పుంగనూరు, కుప్పము పట్టణములలో మంచములు, బీరువాలు, సోఫాలు విక్రయించు అంగళ్లకు నేడు కొదువ లేదు. వాని ముంగిట నిలిచినప్పుడెల్ల నా కొక ప్రశ్న పుట్టుచుండును: వీనిని చేసిన చేతు లెవరివి? ఇందు కుత్తరము తెలియవలెనన్న మన వృత్తి నడచివచ్చిన దారి చూడవలయును.

పూర్వము మనవారికి అంగడియే లేదు. పన్నిద్దరాయగాండ్రలో వడ్రంగి యొకడు. నాగలి, కాడి, గొర్రు, బండిచక్రము చేసి, కళ్లమున మేర గింజలు కొలిపించుకొనెడివాడు. మంచము కావలసినవారు మానును తామే తెచ్చి యిచ్చెడివారు. కావున వస్తువునకు వెలకట్టి యమ్ము విద్య మన కలవడలేదు. 1948 నాటి మదరాసు చట్టముతో జమీందారీలును రద్దయినవి. దొరల కొలువును నమ్ముకొను కాలము పుంగనూరులో సైతము ముగిసెను.

మదనపల్లెలో 1915లో అనిబిసెంటమ్మ దివ్యజ్ఞాన కళాశాల నెలకొల్పెను. ఆ కాలముననే ఆరోగ్యవరమున క్షయరోగ వైద్యాలయము వెలసెను. కళాశాలకు బల్లలును, వైద్యాలయమునకు మంచములును ఒకటి రెండుగా గాక పదులు నూర్లుగా కావలయును. ఇట్టి చోటులవలననే ఒకే కొలతను పలు వస్తువులు చేయు పని పట్టణములలో పెరుగును. కుప్పమన్ననో బెంగుళూరు–చెన్నై రైలుమార్గమున, మూడు రాష్ట్రముల పొలిమేర చెంత నున్నది. బయటి సరకు దిగుట కట సులభము.

ఆ సరకు సామాన్యమైనది కాదు. 1923లో బొంబాయిలో గోద్రెజ్ వారు ఇనుప బీరువాలు చేయ నారంభించిరి. చెదపట్టని యా బీరువా పెండ్లిసారెలో చేరెను. పిమ్మట ప్లైవుడ్డును, ప్లాస్టిక్ కుర్చీలును వచ్చెను. 1996 డిసెంబరు 12న సుప్రీంకోర్టు అడవుల నరకుటను కట్టడి చేసెను. 2014 ఏప్రిలు నుండి బర్మా ముడిదుంగల యెగుమతిని నిలిపెను. టేకు ప్రియమైనకొలది, కొయ్యపొట్టును జిగురుతో నదిమిన పలకలకు గిరాకి హెచ్చెను. 2018లో హైదరాబాదున ఐకియా అంగడి తెరచినది. అందలి సామాను పెక్కింటికి కొన్నవారే మరలు బిగించుకొందురు.

ఇచ్చట నొక స్వానుభవము మనవి చేసెదను. నా తండ్రి యొక అంగడివానికి మంచము చేసి యిచ్చి కూలి పుచ్చుకొనెను. కొన్నాళ్లకు మా బంధువులయింటికి ఆ మంచమే సారెగా వచ్చెను. తలాపు చెక్కపై అంగడి పేరుండెను. నా తండ్రి కుసి దిగిన బెజ్జమును వ్రేలితో తడవి, "ఇది నాది" అని నా చెవిలో మాత్రము చెప్పెను.

అంగడివానియందు దోషము లేదు. అతడు అద్దె కట్టెను; సరకు నిలువ యుంచెను; వాయిదాలపై అరువిచ్చెను. మన మా మూడింటిలో నొక్కటియు చేయలేదు. ఉలియు చిత్రికయు నేర్పిన మనము పిల్లలకు లెక్క నేర్పలేదు.

కావున నా విన్నపములు మూడు. పదిమంది కలిసి కలప కొనుడు. చేసిన ప్రతి వస్తువుపై మీ పేరు చెక్కుడు. జమాఖర్చు వ్రాయుడు. 2023 సెప్టెంబరు 17న ఆరంభమైన విశ్వకర్మ పథకమున 18 వృత్తులలో వడ్రంగము చేరియున్నది. పనిముట్లకు 15,000 రూపాయల సాయమును, 5 శాతము వడ్డీపై రెండు విడతలుగా 3 లక్షలవరకు ఋణమును అందేర్పరచిరి. లెక్క వ్రాయనివానికి ఋణము భారమే యగును. వ్రాయువానికి అది యంగడి యగును.

నా తండ్రి చెవిలో చెప్పిన మాటను మన బిడ్డలు నడివీధిలో బిగ్గరగా చెప్పుకొను దినము రావలయునని కోరుచు విరమించుచున్నాను.