ఆటపెట్టె మారితే వెంట వచ్చేదేమిటి?

(ఆలంగాయంలో తెలుగు కుటుంబాల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



తెలుగు బడుల గురించో, పదవ తరగతి పరీక్షల గురించో మాట్లాడతానని మీరు అనుకొని ఉంటారు. వాటి గురించి నాకంటె బాగా తెలిసినవారు ఈ వేదిక మీదనే ఉన్నారు. నేను ఈ పూట ఆటపెట్టెల గురించి మాట్లాడదలచాను. టీవీకి తగిలించి, మీటలున్న పిడిని రెండు చేతులా పట్టుకొని పిల్లలు ఆడే ప్లేస్టేషన్, ఎక్స్‌బాక్స్ వంటి పెట్టెలు. భాషోద్యమ సభలో ఈ గొడవ ఏమిటని పెద్దలు ముఖం చిట్లించవద్దు. మన పిల్లవాడికి ఇంట తెలుగు, వీధిలో తమిళం, వాణియంబాడి బజారుకు వెళితే ఉర్దూ, బడిలో ఇంగ్లీషు. ఆ నాలుగూ అయ్యాక, తనకు ఇష్టమైన పనిలో మునిగే ఆ రెండు గంటలలో వాడి చెవిన పడే భాష ఏది అన్నది మనకు అక్కరలేని ప్రశ్న కాదు.

ఈ మధ్య మా మేనల్లుడు పాత ఆటపెట్టెను వదలి కొత్తదానికి మారాడు. అది ఏ కంపెనీదన్నది ఇక్కడ అనవసరం. వాడి దగ్గరున్న ఆటలలో కొన్ని బిళ్లలుగా కొన్నవి, కొన్ని డబ్బు కట్టి దింపుకొన్నవి. ఎక్కువ భాగం మాత్రం చందా మీద వచ్చినవి. “మామా, నా ఆటలన్నీ దీంట్లోకి వస్తాయా?” అని అడిగాడు. రెండు రాత్రులు వాడి పక్కన కూర్చొని ఆ మార్పిడి చేయించాను. ఆ పనిలో తెలిసివచ్చినవే ఇక్కడ చెబుతున్నాను.

పెద్దలకోసం చందా సంగతి ముందుగా విడమరచి చెప్పాలి. ఒకప్పుడు మన ఊళ్లలో అద్దె పుస్తకాల కొట్లు ఉండేవి గుర్తుందా? నెలకు ఇంత అని కట్టి, కావలసిన నవల తెచ్చుకొని చదివి తిరిగి ఇచ్చేవాళ్లం. చందా ఆటలు అటువంటివే. ఎక్స్‌బాక్స్ వారి గేమ్ పాస్ 2017లో మొదలైంది. ప్లేస్టేషన్ ప్లస్ అంతకు ముందే ఉన్నా, 2022లో దానిని మెట్లు మెట్లుగా మార్చి, పై మెట్లవారికి పెద్ద ఆటల పట్టికను తెరిచారు. అయితే పుస్తకాల కొట్టుకు, దీనికి ఒక తేడా ఉంది. కొట్టువాడు తన సొంత పుస్తకాన్ని మనకు అద్దెకిచ్చేవాడు. ఇక్కడ ఆ పట్టికలో చాలా ఆటలు కంపెనీవి కూడా కావు. ఆట తయారుచేసినవారితో గడువు పెట్టుకొని తెచ్చినవి. గడువు తీరితే, మనం చందా కడుతూనే ఉన్నా, ఆ ఆట పట్టికలోంచి వెళ్లిపోతుంది.

మార్పిడి పని చూడడానికి సులువే. దింపుకొన్న ఆటలు పెట్టెకు కట్టుబడి ఉండవు, మన ఖాతాకు కట్టుబడి ఉంటాయి. కొత్త పెట్టెలో అదే ఖాతాతో ప్రవేశిస్తే పాత జాబితా మొత్తం కనబడుతుంది. ఆటలను మళ్లీ దింపుకోవచ్చు. ఒక్కో పెద్ద ఆట 50 గిగాబైట్లు దాటడం ఇప్పుడు మామూలు కనుక, రెండు పెట్టెలనూ ఒకే ఇంటి వలకు కలిపి ఒకదానినుంచి మరొకదానికి పంపుకోవడం మేలు. గెలుచుకొన్న పతకాలూ ఖాతాతోపాటే వస్తాయి.

చిక్కంతా ఆట ఎక్కడిదాకా ఆడామో నిలువచేసిన గుర్తుల దగ్గర వస్తుంది. వీటిని సేవ్ అంటారు. ప్లేస్టేషన్ 4లో ఈ సేవ్‌లను యూఎస్‌బీ కడ్డీలోకి ఎత్తుకోవచ్చు. ప్లేస్టేషన్ 5 కోసం చేసిన ఆటల సేవ్‌లకు ఆ వీలు లేదు. కంపెనీవారి సర్వరులో దాచుకోవాలి, దానికి చందా ఉండాలి, లేదా పెట్టెనుంచి పెట్టెకు నేరుగా మార్చుకోవాలి. పాత రూపంలో ఆడిన ఆటను కొత్త రూపంలో కొనసాగించాలంటే, తయారుచేసినవారు అందుకు దారి పెట్టి ఉండాలి. పెట్టకపోతే మొదటినుంచి ఆడవలసిందే. ఒక పిల్లవాడి రెండేళ్ల ఆట అలా ఆగిపోవచ్చు. నవ్వకండి, వాడికి అది చిన్న నష్టం కాదు.

ఇంకొక ఉదాహరణ. ఫైనల్ ఫాంటసీ 7 రీమేక్ అనే ఆటను 2021 మార్చిలో ప్లస్ చందాదారులకు ఇచ్చారు. డబ్బు పెట్టి కొన్నవారికి కొత్త పెట్టెకు తగిన రూపం ఉచితంగా దొరికింది. చందాలో తీసుకొన్నవారికి ఆ వీలు లేదన్నారు. ఆ ఏడాది డిసెంబరులో ఆ నిబంధనను సడలించారు. ప్లేస్టేషన్ 5తోపాటు చందాదారులకు చూపిన పాత మేటి ఆటల కట్టను 2023 మే 9న మూసివేశారు. అప్పటికే తమ జాబితాలో చేర్చుకొన్నవారికి మాత్రం, చందా సాగినంతకాలం అవి నిలుస్తాయి. చందా ఆపితే తాళం పడుతుంది, మళ్లీ కడితే తెరుచుకొంటుంది.

‘కొనడం’ అన్న మాటకే అర్థం మారిపోయింది. మాటల మీద పట్టింపు ఉన్నవాళ్లం కాబట్టి ఇది మనం గమనించాలి. అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రం 2024లో ఒక చట్టం చేసింది. 2025 జనవరి 1 నుంచి అది అమలులోకి వచ్చింది. వెనక్కి తీసుకోగలిగే అనుమతిని మాత్రమే అమ్ముతూ, ఆ సంగతి స్పష్టంగా చెప్పకుండా ‘కొనండి’ అని రాయకూడదని ఆ చట్టం సారాంశం. మాటను సరిగా వాడండి అని చట్టమే చెప్పవలసివచ్చింది. మన వేటపాలెం సారస్వత నికేతనం 1918లో మొదలైంది. అక్కడి పాత పుస్తకాన్ని ఈనాడు తెరవడానికి ఏ సర్వరు అనుమతీ అక్కరలేదు.

ఇక భాష సంగతికి వస్తాను. కొత్త పెట్టెకు కరెంటు పెట్టగానే అది మనల్ని అడిగే మొదటి ప్రశ్న ఏమిటో తెలుసా? నీ భాష ఏది అని. పేరు అడగదు, ఊరు అడగదు, ముందు భాష అడుగుతుంది. మావాడు చదవకుండానే ఇంగ్లీషు మీద నొక్కి ముందుకు పోయాడు. నేను వాడిని ఆపి ఆ జాబితాను కిందిదాకా జరిపించాను. డేనిష్ ఉంది, ఫిన్నిష్ ఉంది, నార్వేజియన్ ఉంది. తెలుగు లేదు. ప్లేస్టేషన్ 5 అయినా, ఎక్స్‌బాక్స్ అయినా ఇందులో తేడా లేదు.

నార్వే జనాభా సుమారు 55 లక్షలు. 2011 జనాభా లెక్కలలో తెలుగు తమ తల్లినుడి అని చెప్పినవారు దేశంలో 8 కోట్ల 11 లక్షలు. ఒక్క తమిళనాడులోనే 42 లక్షల పైచిలుకు. చెప్పుకోనివారిని, తమిళమని రాయించుకొన్నవారిని ఇందులో కలపలేదు. నార్వేవారి మీద నాకు అసూయ లేదు. వాళ్ల భాషకు ఉండవలసిన గౌరవమే వాళ్లకు దక్కింది.

తెలుగులో కొనేవారు లేరు కాబట్టి పెట్టలేదు అని కొందరు చదువుకొన్నవారే అంటారు. ఈ మాట నిలవదు. స్పైడర్‌మాన్ సినిమాలు మన థియేటర్లలో తెలుగులో ఆడాయి. 2021లో వచ్చిన నో వే హోమ్ తెలుగులో వచ్చింది. 2023లో వచ్చిన అక్రాస్ ద స్పైడర్‌వర్స్ మన దేశంలో పది భాషలలో వచ్చింది, అందులో తెలుగు ఒకటి. ఆ సినిమాలు సోనీవారివి. స్పైడర్‌మాన్ ఆటలూ సోనీవారివే. టికెట్టు కొన్నవాడికి తెలుగులో మాట్లాడిన సాలీడు మనిషి, అంతకు ఎన్నో రెట్లు పెట్టి ఆట కొన్నవాడికి తెలుగులో మాట్లాడడు. మైక్రోసాఫ్ట్ సంగతీ అంతే. వారి విండోస్‌ను తెలుగు తెరతో వాడుకోవచ్చు, వారి ఆటపెట్టెను వాడుకోలేము. చేయలేకపోవడం వేరు, అడిగేవాడు లేక చేయకపోవడం వేరు.

అడిగినచోట ఏమయిందో చూడండి. కెనడాలోని క్యుబెక్ రాష్ట్రం 1977లో ఫ్రెంచి భాషా శాసనం చేసింది. ఆట వస్తువులకు కూడా అందులో ఒక నిబంధన ఉంది. ఆడడానికి ఫ్రెంచి కాని మాటలు అవసరమైన ఆటను అమ్మాలంటే, అంతకు తక్కువ కాని షరతులతో ఫ్రెంచి రూపం కూడా దొరకాలి. వీడియో ఆటల పరిశ్రమతో 2007లో ఒప్పందం కుదిరింది. ప్రపంచంలో ఎక్కడైనా ఫ్రెంచి రూపం ఉన్న కొత్త ఆట, 2009 ఏప్రిల్ 1 నుంచి క్యుబెక్‌లో ఫ్రెంచిలో దొరికితీరాలి. కంపెనీలు దివాలా తీయలేదు. ఆటలు ఆగిపోలేదు.

అదే కెనడా నేపథ్యంగా 2023 జూలై 31న ‘వెణ్బా’ అనే చిన్న ఆట వచ్చింది. టొరొంటోలోని విశై గేమ్స్ దీనిని తయారుచేసింది. విడుదలైన రోజే గేమ్ పాస్ చందాదారులకు అందింది. తమిళనాడునుంచి వలస వెళ్లిన ఒక తల్లి, ఆమె వంటలు, తమిళానికి క్రమంగా దూరమయ్యే ఆమె కొడుకు, ఇదీ కథ. 2024లో బ్రిటిష్ అకాడమీవారు తొలి ఆట విభాగంలో దానికి బహుమతి ఇచ్చారు. ఇంటి నుడి జారిపోవడమే ఇతివృత్తమైన ఆట అది. దానిని చూసినప్పుడు నాకు మన ఇళ్లు గుర్తుకువచ్చాయి. ఆ తల్లి సముద్రాలు దాటి వెళ్లింది. మనం ఎక్కడికీ వెళ్లలేదు. ఉన్న ఊళ్లోనే, తాతల ఇళ్లలోనే ఉండి, అదే కథను అనుభవిస్తున్నాం. తమిళ సోదరులు తమ నుడి బాధను ఆటగా చెప్పి ప్రపంచాన్ని ఒప్పించారు. ఆ పని తెలుగు కుర్రవాళ్లు చేయకూడదని ఎవరూ అనలేదు.

పెట్టె మారితే సొత్తు చిక్కుబడడం మనకు కొత్త కాదు. ఈ పత్రిక చదివేవారందరికీ తెలుసు. ఏళ్ల తరబడి మన తెలుగు పత్రికలు, పుస్తకాలు అను వంటి అచ్చు ఫాంటులతో కూర్చాము. యూనికోడ్‌లో తెలుగుకు 1991లోనే చోటు దొరికింది. విండోస్ ఎక్స్‌పీతో గౌతమి ఫాంటు వచ్చింది, ఆ తరువాత పోతన వంటి ఉచిత ఫాంటులు తోడయ్యాయి. అయినా మనం పాత పద్ధతిని చాలాకాలం వదలలేదు. ఆ ఫైళ్లను ఈనాడు కొత్త కంప్యూటరులో తెరిస్తే అర్థంలేని ఇంగ్లీషు అక్షరాలు కనబడతాయి. మన రాతే మనకు చదవరాదు. మార్చే పరికరాలు ఉన్నాయి గాని, ఒత్తులు జారుతాయి, మళ్లీ మనిషి కూర్చొని దిద్దాలి. నాకు తెలిసి కొందరు పెద్దల జీవితకాలపు రచనలు ఆ స్థితిలో సీడీలలో పడి ఉన్నాయి. ఆటల విషయంలో నా మేనల్లుడు అడిగిన ప్రశ్ననే వాటి గురించి ఎవరైనా ముందే అడిగి ఉండవలసింది.

అందుకే రెండు పనులు వేరువేరుగా చూడమంటున్నాను. మన చేతిలో ఉన్నదానిని మన చేతిలోనే, ఏ పెట్టెలోనైనా తెరుచుకొనే రూపంలో ఉంచుకోవాలి. ఎదుటివాడి పట్టికలో ఉన్నదానికి, అది తయారయ్యేటప్పుడే తెలుగు కావాలని అడగాలి. ఆట అచ్చయి, గడువుల ఒప్పందాలు రాసుకొన్న తరువాత అడిగితే, ఏడాదిలో పట్టికనుంచి పోయే ఆటకు తెలుగు ఎవరు చేస్తారు?

ఒక అభ్యంతరం ఉంది, అది న్యాయమైనది కూడా. మన పిల్లలకు తెలుగు చదవడం రాదు గదా, తెర మీద తెలుగు పెట్టి ఏమి లాభం? నిజమే. 2006లో తమిళ అభ్యసన చట్టం వచ్చింది. ఆ ఏడు ఒకటవ తరగతితో మొదలై, ఏటా ఒక తరగతి చొప్పున పెరిగి, 2015-16కు పదవ తరగతిదాకా తమిళం తప్పనిసరి అయింది. తమిళం నేర్వడానికి మనకు అభ్యంతరం లేదు. ఈ గడ్డ మీద పుట్టి తమిళం రాదంటే మనకే చిన్నతనం. తెలుగు నేర్చే చోటు ఇరుకైపోయింది, మన బాధ అది. అయితే ఆటలో భాష రెండు రకాలుగా ఉంటుంది, వినేది, చదివేది. వినడానికి బడి అక్కరలేదు. విన్న మాటే తెర కింద అక్షరాలై కనబడితే, పిల్లవాడు ఆ రెంటినీ తానే కలుపుకొంటాడు. మావాడు ఇంగ్లీషులో కఠినమైన మాటలు సగం అలాగే నేర్చాడు. ఏ మాస్టరూ చెప్పలేదు.

ఇక్కడ ఉన్న పిల్లలకు ఒక్క మాట. పాత పెట్టెను అమ్మేముందు సేవ్‌లన్నీ సర్వరుకు ఎక్కాయో లేదో చూసుకోండి, ఆ తరువాతే దానిని తుడిచివేయండి. చందా గడువు తీరకముందే ఆ పని ముగించండి.

పెద్దలకు మరొకటి. ఆటపెట్టెల కంపెనీల భారత కార్యాలయాలకు పంపడానికి ఒక వినతిపత్రం తెలుగులోను, ఇంగ్లీషులోను రాసి తెచ్చాను. పెట్టె అడిగే మొదటి ప్రశ్నకు జవాబుల జాబితాలో తెలుగును చేర్చండి, తెలుగులో సినిమాగా వచ్చిన కథ ఆటగా వచ్చినప్పుడు తెలుగు గొంతు, తెలుగు అక్షరాలు ఇవ్వండి అని అందులో ఉంది. ఆ కాగితాలు తలుపు పక్కన బల్ల మీద ఉన్నాయి. పిల్లలు కూడా సంతకం చేయవచ్చు. అసలు వాడుకొనేది వాళ్లే. తెలుగులో రాయడం రానివారు తమ పేరు తమిళ అక్షరాలలో రాయండి, పక్కనే తెలుగులో ఎలా రాయాలో నేను రాసి చూపిస్తాను.